కోనీ బూత్ గురించి తరచుగా అడిగే ప్రశ్నలు: ‘ఫాల్టీ టవర్స్’ పాలీ, ఆ పాత్ర వెనకున్న రచయిత్రి

పాత బ్రిటిష్ కామెడీలు ఇష్టపడే తెలుగువాళ్ళ మధ్య కోనీ బూత్ పేరు వచ్చిందంటే ప్రతిసారీ దాదాపు ఇవే సందేహాలు. ఆమె ఇంగ్లీషు మనిషే అనుకునేవాళ్ళు కొందరు, భర్త వల్ల వేషం దొరికిందనేవాళ్ళు కొందరు. ఆమె రచయిత్రి అని తెలియనివాళ్ళే ఎక్కువ. ఈ చివరి సంగతి నాకు చాలా బాధగా ఉంటుంది. అందుకే జవాబులన్నీ ఒకచోట పెడుతున్నాను. ఏ ప్రశ్న దగ్గర మొదలుపెట్టినా ఇబ్బంది లేదు.

## అమెరికా నుంచి లండన్‌కి

కోనీ బూత్ అంటే ఎవరు? రెండు ముక్కల్లో చెప్పండి.

అమెరికాలోని ఇండియానాపొలిస్‌లో పుట్టి, న్యూయార్క్‌లో నాటకాల్లోకి వెళ్ళి, 1960ల చివర్లో లండన్ చేరి, అక్కడి టీవీలోనూ సినిమాల్లోనూ 1995 దాకా పనిచేసిన నటి. ఎక్కువగా సహాయ పాత్రలే చేశారు. ఒక చిన్న హోటల్ చుట్టూ తిరిగే బీబీసీ కామెడీ సీరియల్ ‘ఫాల్టీ టవర్స్’లో పాలీ అనే వెయిట్రెస్‌గా ప్రపంచానికి తెలుసు. ఆ సీరియల్ మొత్తాన్ని తన మొదటి భర్త, నటుడు జాన్ క్లీజ్‌తో కలిసి రాసింది కూడా ఆమే.

ఆమె నిజంగా అమెరికనేనా? పాలీ మాటతీరు చూస్తే నమ్మబుద్ధి కావట్లేదు.

నిజంగానే అమెరికన్. పాలీ కోసం ఇంగ్లీషువాళ్ళ యాస పట్టారు. అదీ నెమ్మదిగా, ఆచితూచి మాట్లాడే పాత్ర కాదు. చేతిలో ప్లేట్లు పట్టుకుని, మెట్లెక్కుతూ, పక్కవాడి అబద్ధాన్ని కప్పిపుచ్చుతూ గడగడా మాట్లాడాలి. ఆ కంగారులోనే యాస జారిపోతుంది ఎవరికైనా. స్టూడియోలో ఎదురుగా జనం కూర్చుని చూస్తుండగా రికార్డు చేసిన సీరియల్ అది. ఆమె పుట్టింది ఎక్కడో తెలియనివాళ్ళకి ఎక్కడా అనుమానం రాదు.

ఇంకో విషయం చాలామంది గమనించరు. అదే సీరియల్‌లో స్పెయిన్ నుంచి వచ్చిన వెయిటర్ మాన్యుయెల్‌గా నటించిన ఆండ్రూ సాక్స్ పుట్టింది బెర్లిన్‌లో. అచ్చమైన ఇంగ్లీషు కామెడీ అని అందరూ చెప్పుకునే సీరియల్‌లోని నలుగురు ముఖ్య నటుల్లో ఇద్దరు బయటి దేశాల్లో పుట్టినవాళ్ళే.

న్యూయార్క్‌లో ఏం చేసేవారు? లండన్‌కి ఎలా వచ్చారు?

బ్రాడ్‌వే (న్యూయార్క్‌లోని పెద్ద నాటకశాలల ప్రాంతం) నాటకాల్లో అండర్‌స్టడీగా ఉండేవారు. అంటే అసలు నటికి ఒంట్లో బాగోకపోతే ఆ వేషం వేయడానికి డైలాగులన్నీ నేర్చుకుని సిద్ధంగా ఉండాలి, చాలా రోజులు స్టేజీ ఎక్కకుండానే ఇంటికెళ్ళాలి. ఖర్చులకి వెయిట్రెస్‌గా కూడా పనిచేశారు. 1964లో కేంబ్రిడ్జి విద్యార్థుల హాస్య ప్రదర్శన ఒకటి బ్రాడ్‌వేకి వచ్చింది. ఆ బృందంలోని జాన్ క్లీజ్‌తో న్యూయార్క్‌లోనే పరిచయమైంది. 1968లో పెళ్ళి చేసుకుని లండన్‌లో స్థిరపడ్డారు.

క్లీజ్ భార్య కాబట్టే అవకాశాలు వచ్చాయంటారు. నిజమేనా?

మొదటి అవకాశాల వరకు నిజమే. లండన్‌లో ఆమెకి తెలిసిన సినిమా, టీవీ మనుషులంతా క్లీజ్ మిత్రులే. తొలి వేషాలు వాళ్ళ కార్యక్రమాల్లోనే వచ్చాయి. కానీ ఇద్దరూ 1978లో విడాకులు తీసుకున్నారు. ఆ తరవాత పదిహేడేళ్ళు ఆమెకి పనికి లోటు రాలేదు. ఎలెక్ గిన్నెస్, ఆంథొనీ హాప్కిన్స్ లాంటివాళ్ళున్న సినిమాల్లో నటించారు. పలుకుబడి మొదటి తలుపు తీస్తుంది, అన్నేళ్ళు నిలబెట్టదు. పైగా రాతలో ఆమె పాలు ఎంతో తెలిశాక ఈ ప్రశ్న అడగడమే అన్యాయం అనిపిస్తుంది నాకు.

## మాంటీ పైథాన్ రోజులు

ఆమె మాంటీ పైథాన్ టీంలో సభ్యురాలా?

కాదు. బ్రిటిష్ టీవీలో పేరుపడ్డ ఆ హాస్య బృందం ఆరుగురిది: జాన్ క్లీజ్, గ్రహం చాప్‌మన్, ఎరిక్ ఐడిల్, టెర్రీ జోన్స్, మైకేల్ పేలిన్, టెర్రీ గిలియమ్. స్కెచ్‌లు (చిన్న హాస్య దృశ్యాలు) రాసుకునేది వాళ్ళే, ఆడవేషాలు కూడా చాలావరకు వాళ్ళే వేసుకునేవాళ్ళు. నిజంగా ఆడమనిషే కావాల్సిన చోట బూత్ లాంటి నటీమణులు అప్పుడప్పుడు కనిపించేవాళ్ళు.

పైథాన్ వాళ్ళ చెట్లు నరికేవాడి పాటలో (‘లంబర్‌జాక్ సాంగ్’) పక్కన నిలబడ్డ అమ్మాయి ఆమేనా?

1969 డిసెంబరులో బీబీసీలో వచ్చిన మొదటి రూపంలో ఆమే. మైకేల్ పేలిన్ తాను ఎంత మొనగాడో పాడుకుంటూ ఉంటాడు. పక్కన బూత్ అతన్ని ఆరాధనగా చూస్తూ ఉంటుంది. పాట సాగేకొద్దీ అతను ఆడవాళ్ళ బట్టలు వేసుకోవడం ఇష్టమని మొదలుపెడతాడు. పాట మొత్తం అతనిదే, కానీ నవ్వు పండేది ఆమె ముఖంలో. ముందు మురిపెం, తరవాత అర్థం కానట్టు ఒక చిన్న తడబాటు, ఆఖరికి ఏడుపు. రెండు మూడు నిమిషాల్లో మూడు మెట్లు. తరవాత స్టేజీ మీద ఇదే పాటని వేరే నటీమణులతో కూడా చేశారు, అందుకే మనుషులు మారినట్టు కనిపిస్తారు.

‘హోలీ గ్రెయిల్’ సినిమాలో మంత్రగత్తె?

అవును, ఆమే. 1975లో వచ్చిన పైథాన్ టీం సినిమా. ముక్కుకి క్యారెట్ కట్టి ఊరి జనం ఆమెని లాక్కొస్తారు. కట్టె నీళ్ళలో తేలుతుంది, బాతూ తేలుతుంది, కాబట్టి ఈమె బాతుతో సమానంగా తూగితే కట్టెతో చేసిన మనిషే, అంటే మంత్రగత్తే అని తీర్పు. నిజంగానే తూగుతుంది. అప్పుడు ఆమె ఏడవదు, అరవదు. దొరికిపోయాను, న్యాయమే అన్నట్టు చాలా మామూలుగా ఒక ముక్క అంటుంది. చుట్టూ అందరూ గోల చేస్తుంటే తను తక్కువ చేసి నవ్వించడం ఆమె పద్ధతి.

కరోల్ క్లీవ్‌ల్యాండ్, కోనీ బూత్ ఒక్కరేనా?

ఇద్దరూ వేరు. కరోల్ క్లీవ్‌ల్యాండ్ లండన్‌లో పుట్టి, చిన్నప్పుడు అమెరికాలో పెరిగి, తిరిగి లండన్ వచ్చి నటన నేర్చుకున్నారు. పైథాన్ కార్యక్రమాల్లో అందరికంటే ఎక్కువగా కనిపించే నటి ఆమే. ఇద్దరూ బంగారు రంగు జుట్టువాళ్ళు, ఇద్దరికీ అమెరికాతో సంబంధం ఉంది, అందుకే ఈ గందరగోళం.

‘ఫాల్టీ టవర్స్’ కన్నా ముందు బూత్, క్లీజ్ కలిసి ఏమైనా రాశారా?

1974లో ‘రొమాన్స్ విత్ ఎ డబుల్ బేస్’ అనే చిన్న సినిమా. రష్యన్ రచయిత చెహోవ్ కథ ఆధారం, దర్శకుడు రాబర్ట్ యంగ్. ఒక సంగీతకారుడూ ఒక యువరాణీ విడివిడిగా నదిలో ఈతకి దిగితే ఇద్దరి బట్టలూ దొంగలెత్తుకుపోతారు. వాయిద్యం పెట్టే పెద్ద పెట్టెలో యువరాణి దాక్కోవాల్సి వస్తుంది. యువరాణి బూత్, సంగీతకారుడు క్లీజ్. పరువు పోతుందన్న భయంతో మనుషులు ఎంత దూరమైనా వెళ్తారన్న సరుకు అప్పటికే వాళ్ళ చేతిలో ఉంది.

## ఫాల్టీ టవర్స్

రాసింది క్లీజ్ ఒక్కరే కదా? ఆమె పేరు మొక్కుబడికి వేశారా?

ఎంత మాత్రం కాదు. మొత్తం 12 ఎపిసోడ్లకీ రచయితలుగా ఇద్దరి పేర్లూ ఉంటాయి. మన సినిమా టైటిల్స్ భాషలో చెప్పాలంటే కథ, మాటలు, స్క్రీన్‌ప్లే మూడూ ఇద్దరివీ. ఒక్కో స్క్రిప్టు మీద వారాల తరబడి కూర్చునేవాళ్ళు. మాటలు రాయడం ఆఖరి పని. ముందు ఎవరు ఏ తలుపులోంచి వస్తారు, ఎవరికి ఏ సంగతి తెలుసు, ఏది ఎప్పుడు బయటపడాలి అన్నది కుదిరేదాకా కథనే తిప్పి తిప్పి చూసేవాళ్ళు. అప్పట్లో అరగంట కామెడీ స్క్రిప్టు 65 పేజీల దాకా ఉంటే వీళ్ళది 135 నుంచి 140 పేజీలు వచ్చేదని క్లీజ్ చెప్పారు.

ఆ పనితనం హోటల్ ఓనర్ బేసిల్ భార్య సిబిల్ పాత్రలో కూడా కనిపిస్తుంది. భర్తని సాధించే గయ్యాళి అని తేల్చేసి వదిలేయొచ్చు. అలా వదల్లేదు. హోటల్‌ని నిజంగా నడిపేది సిబిల్. అతిథులతో మర్యాదగా మాట్లాడేదీ, లెక్కలు తెలిసినదీ ఆమే. 1970ల నాటి మిగతా కామెడీల పక్కన పెట్టి చూడండి, ఇందులో ఆడవాళ్ళకి ఎంత బుర్ర ఇచ్చారో తెలుస్తుంది. రాసే బల్ల దగ్గర ఒక నటి కూర్చోవడం వల్లే ఇది సాధ్యమైందని నా నమ్మకం.

ఈ హోటల్ ఐడియా ఎక్కడ నుంచి వచ్చింది?

1970లో పైథాన్ టీం షూటింగ్ కోసం ఇంగ్లండ్‌లోని టార్కీ అనే సముద్రతీర పట్టణంలో ‘గ్లెనీగిల్స్’ హోటల్లో దిగింది. అక్కడి ఓనర్ అతిథులనే విసుక్కునేవాడు. ఒకరి తిండి తినే పద్ధతికి వంక పెట్టాడు. ఇంకొకరి బ్యాగులో బాంబుందేమోనని తీసుకెళ్ళి బయట పెట్టాడు. మిగతావాళ్ళు వేరే హోటల్‌కి మారిపోతే క్లీజ్ అక్కడే ఉండిపోయారు, బూత్ కూడా వచ్చి చేరారు. ఐదేళ్ళ తరవాత ఆ మనిషే సీరియల్‌లో క్లీజ్ వేసిన హోటల్ ఓనర్ బేసిల్ ఫాల్టీ అయ్యాడు.

బీబీసీ మొదట వద్దందట, నిజమా?

1974లో తొలి స్క్రిప్టు చదివిన ఒక బీబీసీ స్క్రిప్టు ఎడిటర్, ఇది అరిగిపోయిన పాత్రల పోగు, పెద్ద ఫ్లాప్ తప్ప ఇంకేమీ కాదు అని నోట్ రాశాడు. పైవాళ్ళు ఆ మాట పట్టించుకోలేదు. 1975 సెప్టెంబరు 19న మొదటి ఎపిసోడ్ వచ్చింది. 2000లో బ్రిటిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ వేసిన వంద గొప్ప బ్రిటిష్ టీవీ కార్యక్రమాల జాబితాలో మొదటి స్థానం దీనిదే.

పాలీకి జోకులే లేవు కదా, ఆ పాత్ర ఎందుకు గొప్ప?

నాకు అన్నిటికంటే ఇష్టమైన ప్రశ్న ఇది. బేసిల్‌కి కోపం, సిబిల్‌కి నాలుక, మాన్యుయెల్‌కి భాష రాకపోవడం. ముగ్గురికీ నవ్వించే ఆయుధం ఒకటుంది. పాలీకి అలాంటిదేమీ లేదు. చిత్రకళ చదువుకుంటూ చేతిఖర్చులకి పనిచేసే తెలివైన అమ్మాయి, అంతే. కానీ ఆమెని తీసేస్తే ఏ కథా నడవదు.

ఎందుకంటే బేసిల్ ఎప్పుడూ ఏదో ఒకటి దాస్తుంటాడు. దాచాలంటే ఒకరి సాయం కావాలి. సిబిల్‌కి చెప్పలేడు, మాన్యుయెల్‌కి అర్థం కాదు. మిగిలింది పాలీ. అబద్ధంలో ఆమె చెయ్యి వేసిన క్షణం నుంచి మనకి టెన్షన్ మొదలవుతుంది, ఎందుకంటే బుద్ధున్న మనిషి కూడా ఇందులో ఇరుక్కుంది. ‘కిప్పర్ అండ్ ద కార్ప్స్’ ఎపిసోడ్ చూడండి. బేసిల్ ఒక అతిథి గదికి టిఫిన్ తీసుకెళ్ళి, మంచం పక్కన పెట్టి, ఆ మనిషి జవాబివ్వట్లేదని విసుక్కుని వచ్చేస్తాడు. పాలు మర్చిపోతాడు. పాల జగ్గు పట్టుకుని వెళ్ళిన పాలీ చూసేసరికి ఆ మనిషి చనిపోయి ఉన్నాడు. అదే గది, అదే మంచం. బేసిల్ చూడలేదు, పాలీ చూసింది. వాళ్ళిద్దరి తేడా మొత్తం ఆ పాల జగ్గులో చెప్పేశారు.

ఇలాంటి పాత్రని నటి తన కోసం తనే రాసుకుంది. పెద్ద నవ్వులన్నీ పక్కవాళ్ళకి ఇచ్చి, కథ బరువు తన భుజాన వేసుకుంది. రాసే అవకాశం చేతిలో ఉండి కూడా ఇలా చేసేవాళ్ళు అరుదు.

విడాకులయ్యాక కలిసి ఎలా పనిచేశారు?

మొదటి 6 ఎపిసోడ్లు 1975లో, మిగతా 6 ఎపిసోడ్లు 1979లో వచ్చాయి. మధ్యలో, 1978లో విడాకులయ్యాయి. అయినా రెండో విడత కూడా ఇద్దరే రాశారు, ఇద్దరూ నటించారు. పెళ్ళిరోజు మర్చిపోయినట్టు నాటకమాడి భర్త దొరికిపోయే కథ ఆ విడతలోదే. నాణ్యత మాత్రం తగ్గలేదు. నన్నడిగితే పెరిగింది.

అమెరికా టూరిస్టు సలాడ్ అడిగే ఎపిసోడ్లో నటించింది అమెరికన్లేనా?

‘వాల్డార్ఫ్ సలాడ్’ ఎపిసోడ్లో బేసిల్‌ని కడిగేసే అమెరికన్‌గా చేసిన బ్రూస్ బోవా కెనడా మనిషి. ఆ హోటల్లో నిజమైన అమెరికన్ ఒక్కరే, ఇంగ్లీషు యాసలో మాట్లాడే వెయిట్రెస్.

ఒక ఎపిసోడ్లో ఇండియన్లని తిట్టారట కదా?

‘ద జర్మన్స్’ ఎపిసోడ్. అందులో హోటల్లోనే ఉండే ముసలి మేజర్ క్రికెట్ మ్యాచ్ గురించి చెబుతూ నల్లజాతివాళ్ళని, ఇండియన్లని చాలా నీచమైన మాటలతో ప్రస్తావిస్తాడు. 2013లో బీబీసీ పునఃప్రసారంలో ఆ ముక్క తీసేసింది. 2020లో ఒక స్ట్రీమింగ్ సర్వీసు ఎపిసోడ్‌నే తాత్కాలికంగా తొలగించి, తరవాత హెచ్చరికతో తిరిగి పెట్టింది. అలాంటి బూజుపట్టిన బుర్రల్ని వెక్కిరించడానికే రాశామని క్లీజ్ వివరణ. ఉద్దేశం అర్థమవుతుంది, కానీ ఒక భారతీయురాలిగా ఆ మాటలు వినడం నాకు ఇప్పటికీ కష్టంగానే ఉంటుంది. పిల్లలతో చూసేవాళ్ళు ముందే తెలుసుకుని చూడటం మంచిది.

ఇంత హిట్టయితే 12 ఎపిసోడ్లతో ఎందుకు ఆపేశారు?

చెప్పాల్సింది చెప్పేశామని ఇద్దరికీ అనిపించింది. ఒక్కో స్క్రిప్టుకి పట్టే సమయం చూస్తే ఏటా చేయగలిగే పని కూడా కాదు. ఆఖరి ఎపిసోడ్ ‘బేసిల్ ద ర్యాట్’ బీబీసీలో సమ్మె వల్ల ఆలస్యమై 1979 అక్టోబరు 25న వచ్చింది.

బూత్‌కి బాఫ్టా అవార్డు వచ్చిందా?

సీరియల్‌కి 1976లోనూ 1980లోనూ బాఫ్టా (బ్రిటన్ సినిమా, టీవీ అవార్డు) వచ్చింది. నటనకి వచ్చిన బాఫ్టా క్లీజ్‌కి దక్కింది. బూత్‌కి విడిగా రాలేదు.

## తరవాతి పాత్రలు

పాలీ తరవాత ఆమె ఏమీ చేయలేదా?

చాలా చేశారు. 1980లో ‘లిటిల్ లార్డ్ ఫాంట్లరాయ్’లో పిల్లవాడి తల్లి. ముసలి ఎర్ల్‌గా (బిరుదున్న ఇంగ్లీషు ప్రభువు) ఎలెక్ గిన్నెస్. 1983లో ఇయన్ రిచర్డ్‌సన్ షెర్లాక్ హోమ్స్‌గా చేసిన ‘హౌండ్ ఆఫ్ ద బాస్కర్‌విల్స్’లో లారా లయన్స్. 1987లో ‘84 చేరింగ్ క్రాస్ రోడ్’, 1991లో మైకేల్ పేలిన్‌తో ‘అమెరికన్ ఫ్రెండ్స్’, 1992లో ‘లియాన్ ద పిగ్ ఫార్మర్’లో పందులు పెంచే యార్క్‌షైర్ రైతు భార్య. పేర్లు చూస్తేనే తెలుస్తుంది, ఏ రెండు పాత్రలూ ఒకలాంటివి కావు.

బ్రిటిష్ సినిమాల్లో ఆమెకి అమెరికన్ పాత్రలే ఎక్కువ ఇచ్చారా?

సినిమాల్లో ఆ వరుస కనిపిస్తుంది. ‘లిటిల్ లార్డ్ ఫాంట్లరాయ్’ తల్లి అమెరికన్. ‘84 చేరింగ్ క్రాస్ రోడ్’లో లండన్ పుస్తకాల షాపుకి వచ్చే, అమెరికాలోని డెలావేర్ రాష్ట్రపు మహిళకి పేరు కూడా ఉండదు, రాష్ట్రం పేరుతోనే పిలుస్తారు. ‘అమెరికన్ ఫ్రెండ్స్’లో ఆక్స్‌ఫర్డ్ పండితుడికి ఆల్ప్స్ పర్వతాల్లో పరిచయమయ్యే అమెరికన్ మహిళ. లండన్‌లోనే ఉండే అమెరికన్ నటి దొరికితే నిర్మాతలకి సులువు, అది అర్థమయ్యే లెక్కే. కానీ అచ్చమైన ఇంగ్లీషు అమ్మాయిగా దేశమంతటినీ ఒప్పించిన మనిషికి మళ్ళీ మళ్ళీ పరాయి దేశపు అతిథి వేషమే ఇవ్వడం ఆ పరిశ్రమ చూపు ఎంత ఇరుకో చెబుతుంది.

ఆమె ప్రధాన పాత్ర చేసినవి ఏమైనా ఉన్నాయా?

1981లో బీబీసీ తీసిన ‘ద స్టోరీ ఆఫ్ రూత్’. తండ్రి పెట్టిన హింస వల్ల మనసు చెదిరి, లేని మనుషులు కళ్ళముందు కనిపించే స్త్రీ పాత్ర. విమర్శకులు ఆమె నటనని బాగా మెచ్చుకున్నారు. నవ్వుల నటిగా మాత్రమే ఆమెని తెలిసినవాళ్ళు దీని గురించి తప్పక తెలుసుకోవాలి.

‘ఫాల్టీ టవర్స్’ అమెరికా రీమేకుల్లో ఆమె ఉన్నారా?

లేరు. 1983లో ‘అమాండాస్’, 1999లో ‘పేన్’ పేర్లతో వచ్చినవి రెండూ త్వరగానే ఆగిపోయాయి. మొదటిదాంట్లో ఏకంగా బేసిల్ పాత్రనే తీసేశారు.

## నటన వదిలాక

ఎందుకు మానేశారు? ఇప్పుడేం చేస్తున్నారు?

1995లో నటన ఆపేసి, లండన్‌లో ఏళ్ళ తరబడి శిక్షణ తీసుకుని సైకోథెరపిస్ట్ (మాటలతో మానసిక చికిత్స చేసేవారు) అయ్యారు. అవకాశాలు రాక తప్పుకున్నారన్న మాట నిజం కాదు. 1995లో కూడా ఆమె తెర మీద ఉన్నారు. యాభై దాటాక మళ్ళీ విద్యార్థిగా మారి, పరీక్షలు రాసి, కొత్త వృత్తి మొదలుపెట్టడం మామూలు ధైర్యం కాదు.

మళ్ళీ పెళ్ళి చేసుకున్నారా?

2000లో జాన్ లార్‌ని చేసుకున్నారు. ‘న్యూయార్కర్’ పత్రికకి చాలాకాలం నాటక విమర్శకుడు. ఆయన తండ్రి బర్ట్ లార్ 1939 నాటి ‘విజార్డ్ ఆఫ్ ఆజ్’లో పిరికి సింహంగా నటించారు.

ఆమె ఇంటర్వ్యూలు ఎందుకు దొరకవు?

ఆ సీరియల్ గురించి దాదాపు ముప్ఫై ఏళ్ళు మాట్లాడలేదు. 2009లో బ్రిటన్‌లోని గోల్డ్ టీవీ ఛానల్ డాక్యుమెంటరీకి మాత్రం ఒప్పుకున్నారు. థెరపిస్టు దగ్గరికి వచ్చే మనిషి తన బాధ చెప్పుకోవాలి, ఎదురుగా పాలీ కనిపిస్తే ఎలా? ఆ మౌనాన్ని నేను అలాగే అర్థం చేసుకుంటాను. ఆమె చిరునామా, క్లినిక్ వివరాలు అడుగుతూ మెసేజీలు పెట్టేవాళ్ళకి ఒకే విన్నపం, దయచేసి వెతకొద్దు.

## చూడాలనుకునేవాళ్ళకి

ఇంగ్లీషు చాలా స్పీడుగా ఉంది. ఎలా చూడాలి?

సబ్‌టైటిల్స్ పెట్టుకోండి, అందులో తప్పేమీ లేదు. మొదటిసారి కథ కోసం చూడండి. రెండోసారి బేసిల్‌ని వదిలేసి, ఫ్రేములో పాలీ ఎక్కడుందో అక్కడే చూడండి. అతను అరుస్తున్నప్పుడు ఆమె కళ్ళు ఎటు వెళ్తున్నాయో గమనిస్తే చాలు.

ఆమె కోసమే చూడాలంటే ముందు ఏది చూడాలి?

‘ద యానివర్సరీ’. సిబిల్ అలిగి వెళ్ళిపోతుంది, పెళ్ళిరోజు విందుకి స్నేహితులు వచ్చేస్తారు. ఆవిడకి ఒంట్లో బాగోలేదు, పైన పడుకుందని బేసిల్ బొంకుతాడు. చూసి వెళ్తామని వాళ్ళు పట్టుపడతారు. కారు కొనడానికి డబ్బు అవసరమైన పాలీని బతిమాలి, విగ్గు పెట్టి, నల్లకళ్ళద్దాలు తొడిగి, చీకటి గదిలో సిబిల్‌గా పడుకోబెడతాడు. ఒక అమెరికన్ నటి ఇంగ్లీషు వెయిట్రెస్‌గా చేస్తూ, ఆ వెయిట్రెస్ ఇంకో ఇంగ్లీషావిడగా నటించాలి, అదీ చెడ్డగా నటించాలి. ఇదంతా ఆమె సగం రాసిన స్క్రిప్టే. ఆ తరవాత వీలుంటే ‘అమెరికన్ ఫ్రెండ్స్’ చూడండి, అందులో ఆమె సొంత యాస వినొచ్చు.